ఆ రక్తపు సినిమాలను భద్రపరచాలి, సరే. పండగ కూడా చేయాలా?

మూడో ఆట:
న్యూయార్క్ 42వ వీధిలో ఒకప్పుడు చౌక టికెట్టు మీద రెండేసి, మూడేసి సినిమాలు అర్ధరాత్రి దాటేదాకా వేసే హాళ్లు ఉండేవి. వాటినే గ్రైండ్‌హౌస్‌లు అనేవారు. అక్కడ ఆడినవి ఎక్కువగా నెత్తురు, నగ్నత్వం, కార్ల వేట. ఇప్పుడు వాటినే 4కే అనే బాగా స్పష్టమైన డిజిటల్ రూపంలోకి స్కాన్ చేసి, ముచ్చటైన పెట్టెల్లో అమ్ముతున్నారు. భద్రపరచడం మీద నాకు పేచీ లేదు. కానీ ఇటలీ వాళ్లు 1980లో తీసిన ‘కానిబల్ హోలోకాస్ట్’లో తాబేలును కెమెరా ముందు నిజంగానే చంపారు. దానికి హాల్లో ఈలలు వేయడం ఏమిటి?

గోదావరి గట్టు:
ఏరి ఏరి అన్నిటికన్నా చెడ్డదాన్ని తెచ్చారు. 1972లో ‘బ్లాక్యులా’కు డబ్బులు రాలాయి. అలాంటిదే ఇంకో నల్లజాతి రక్తపిశాచి కథ కావాలని నిర్మాతలు దర్శకుడు బిల్ గన్‌కు పని అప్పగించారు. ఆయన వాళ్ల సొమ్ముతో తనకు నచ్చిన సినిమా తీసుకున్నాడు. అదే 1973 నాటి ‘గాంజా అండ్ హెస్’. ఫ్రాన్స్‌లోని కాన్ చిత్రోత్సవంలో క్రిటిక్స్ వీక్ అనే విభాగంలో వేశారు. నిర్మాతలకు మాత్రం మింగుడు పడలేదు. అమ్మేశారు. కొన్నవాళ్లు అరగంటకు పైగా కోసేసి, పేరు మార్చి వదిలారు. న్యూయార్క్ మ్యూజియమ్ ఆఫ్ మోడరన్ ఆర్ట్‌లో అసలు ప్రింటు ఉండబట్టి ఇవాళ పూర్తి సినిమా చూడగలుగుతున్నాం. ఏది చెత్తో ముందే తేల్చేది ఎవరండీ?

మూడో ఆట:
మ్యూజియంలో ఉండబట్టి బతికింది, ఈలల వల్ల కాదు. మీ ఉదాహరణ నా పక్షానే సాక్ష్యం చెబుతోంది!

పాత రీలు:
ఇద్దరూ డబ్బు సంగతి వదిలేశారు. మా నాన్న ప్రొజెక్టర్ ఆపరేటర్. అటకమీద ఆయన డబ్బా ఒకటి ఉంటే పోయిన వేసవిలో మూత తీశాను. ఘాటైన వెనిగర్ వాసనకు కళ్లలో నీళ్లు తిరిగాయి. ఫిల్మ్ ముడుచుకుపోయి, ఆకాశం, చెట్లు, మనుషుల ముఖాలు అన్నీ ఒకే గులాబీ రంగులోకి దిగాయి. రంగు వెలిసిపోవడం వేరే సంగతి, ఆ వాసనా ముడతా మాత్రం ఎసిటేట్ అనే ప్లాస్టిక్‌తో చేసిన పాత ఫిల్మ్‌కు వచ్చే జబ్బు. దాని పేరే పెట్టుకుని 2012లో అమెరికాలో వెనిగర్ సిండ్రోమ్ అనే సంస్థ పుట్టింది. ఇలాంటి సినిమాలను స్కాన్ చేసి డిస్కులు అమ్ముతుంది. ఈలలు వేసేవాళ్లు కొంటేనే తరవాతి రీలు స్కానర్ ఎక్కుతుంది. మ్యూజియంలో అన్నిటికీ చోటు దొరుకుతుందా? మన తొలి మూకీల్లో ఒకటైన ‘భీష్మ ప్రతిజ్ఞ’ పురాణకథ, దానికే దిక్కు లేకపోయింది.

మూడో ఆట:
కొనేవాడి డబ్బు గురించి నేను ఆలోచించలేదు, ఒప్పుకుంటున్నాను. తాబేలు విషయంలో మాత్రం నా మాట అదే. ఇంతకీ ఆ డబ్బాలో ఉన్నది ఏ సినిమా?

పాత రీలు:
తెలియలేదండీ. లేబులు ఊడిపోయింది, మొదటి రీలు లేదు. ఒక ఆవిడ మెట్లమీద పరుగెత్తుతూ ఉంది, అంతవరకే విప్పగలిగాను.