కారుణ్య మరణం మీద డాక్యుమెంటరీ: ఆయన మాటలు ఉంచాలా, తీసేయాలా?

కృష్ణలంక కెమెరా:
పెళ్లిళ్ల వీడియోలు తీసి బతుకుతూ, పక్కన సొంత డబ్బుతో అరగంట డాక్యుమెంటరీ ఒకటి చేస్తున్నాను. గుంటూరులో ఒక రిటైర్డ్ మాస్టారు, నరాల జబ్బుతో మంచం మీదే ఉన్నారు, మాట మాత్రం బాగానే వస్తుంది. "ఇంక చాలు, పంపించేయండి అని అడిగే హక్కు నాకుండాలి" అని కెమెరా ముందే చెప్పారు, షూటింగ్‌కి ఒప్పుకుంటూ కాగితం మీద వేలిముద్ర కూడా వేశారు. కూతురేమో ఆ ముక్క తీసేయమంటోంది, తండ్రిని చూసుకోలేక వదిలించుకుంటున్నారని బంధువులు అంటారట. అది తీసేస్తే సినిమాలో ఇంకేం మిగలదు. ఏం చేయమంటారు?

బ్రాడీపేట ప్లీడర్:
మాస్టారు అడిగేది వేరు, మన కోర్టు ఒప్పుకున్నది వేరు తమ్ముడూ. 2018లో కామన్ కాజ్ అనే సంస్థ వేసిన కేసులో సుప్రీంకోర్టు, గౌరవంగా చనిపోవడం కూడా రాజ్యాంగంలో జీవించే హక్కు ఇచ్చే 21వ అధికరణం కిందికే వస్తుందంది గానీ, అది వెంటిలేటర్ లాంటివి తీసేయడం, లేదా అసలు పెట్టకపోవడం వరకే. ఇంజెక్షన్ ఇచ్చి ప్రాణం తీస్తే ఇక్కడ నేరమే. లివింగ్ విల్‌కి, అంటే కోలుకోలేని స్థితి వస్తే నాకు ఇలాంటి వైద్యం వద్దని ముందే రాసిపెట్టుకునే కాగితానికి, మాత్రం 2023లో దారి సులువు చేశారు, ఇద్దరు సాక్షుల ముందు రాసి నోటరీతోనో గెజిటెడ్ ఆఫీసర్‌తోనో ధ్రువీకరణ చేయిస్తే చాలు, అంతకుముందు మేజిస్ట్రేటు సంతకం కావాల్సి వచ్చేది. నెదర్లాండ్స్‌లో 2002 నుంచి చట్టం ఉందని చెప్పి, వెంటనే మన తీర్పు చూపించావంటే జనం రెండూ ఒకటే అనుకుంటారు. ఆ గీత సినిమాలో కనపడాలి.

మంగళగిరి సిస్టర్:
నేను పాలియేటివ్ కేర్‌లో, అంటే నయంకాని జబ్బుల వాళ్లకి నొప్పి, బాధ తగ్గించే చోట పనిచేస్తాను. ఒక్కసారి వేలిముద్ర వేయించుకుంటే అయిపోదు బాబూ. రాత్రంతా నొప్పితో నిద్రలేని మనిషి పొద్దున అడిగేది ఒకటి, మందు పడి నాలుగు మెతుకులు తిన్నాక అడిగేది ఇంకొకటి, ఒక్కోసారి రెండు పూటలా అదే మాట అంటారనుకోండి. అందుకే వేరే రోజు, కూతురు గదిలో లేనప్పుడు, కెమెరా ఆపి అడగండి. ఎడిట్ చేసింది ఆయనకి చూపించండి, వద్దంటే మానేయండి.

ఇంకోటి. ముంబై కేఈఎం ఆసుపత్రిలో దాడికి గురై దశాబ్దాలు స్పృహ లేకుండా ఉన్న నర్సు అరుణా షాన్‌బాగ్ కేసులో, ఆవిడని పోనివ్వమని పిటిషన్ వేసింది రచయిత్రి పింకీ విరానీ, వద్దన్నది అరుణకి ఏళ్ల తరబడి సేవ చేసిన అక్కడి నర్సులు. 2011లో కోర్టు ఆ నర్సుల మాటకే విలువిచ్చింది, అరుణ 2015లో న్యుమోనియాతో పోయారు. మీరు రాసినదాన్ని బట్టి చూస్తే, మాస్టారికి పక్క మార్చేదీ, పుండ్లు పడకుండా ఒళ్లు తుడిచేదీ ఎవరో మీ సినిమాలో ఎక్కడా లేదు. ఆ అమ్మాయిది పరువు భయమే అనుకుంటున్నారా?

ఉల్లిదోసె:
సిస్టర్ గారూ, అంతా ఒప్పుకుంటాను, కానీ బంధువులేమంటారోనని ఆయన నోరు నొక్కేస్తామా? జబ్బు ఆయనది. 2004లో హైదరాబాద్‌లో కండరాల జబ్బుతో చావుకి దగ్గరైన చెస్ ఆటగాడు వెంకటేశ్, అవయవాలు పాడైపోకముందే దానం చేసి పోతానని అడిగితే హైకోర్టు కాదంది. అతను అడిగినట్టు పేపర్లలో రాబట్టే కదా మనం మాట్లాడుకున్నది! బీబీసీ వాళ్లు 2011లో ఏకంగా స్విట్జర్లాండ్‌లో ఒకాయన చనిపోవడమే చూపించి గొడవ తెచ్చుకున్నారు, అంత దూరం వెళ్లొద్దు. ఎలా పోవాలనే వివరాలు అసలే వద్దు. మాట మాత్రం ఉంచు బ్రో.

కృష్ణలంక కెమెరా:
సిస్టర్ గారూ, నిజమే, కూతుర్ని ఒక్క ఫ్రేములోనూ పెట్టలేదు, మాస్టారొక్కరే ఉంటే సీను బలంగా ఉంటుందనుకున్నాను. ఆవిడ ఒప్పుకుంటే ఆదివారం ఆవిడతోనే మొదలుపెడతాను. ప్లీడర్ గారూ, చట్టం గురించి రెండు నిమిషాలు మీరే కెమెరా ముందు చెప్తారా? ఫీజు మాత్రం ఇవ్వలేను.

బ్రాడీపేట ప్లీడర్:
ఫీజు వద్దులే. కోర్టు సెలవు రోజు చూసుకుని రా.