టాకీలొచ్చాక సీతాదేవి కనిపించకుండా పోయింది: హిందీ రాకపోవడమేనా కారణం?

పాతరీలు:
‘ఎ త్రో ఆఫ్ డైస్’ (1929) మళ్లీ చూశా. అందులో సునీతగా వేసిన సీతాదేవి గురించి ఎక్కడ చదివినా ఒకటే ముక్క: ఆంగ్లో ఇండియన్, అసలు పేరు రెనీ స్మిత్, టాకీలొచ్చాయి, హిందీ రాదు, దుకాణం సర్దేసింది. ఇది నాకు మింగుడుపడట్లేదు. నిర్మాత హిమాంశు రాయ్ జర్మన్ డైరెక్టర్ ఫ్రాంజ్ ఆస్టెన్‌తో కలిసి తీసిన మూడు మూకీల్లోనూ ఈవిడ ఉంది. ‘ది లైట్ ఆఫ్ ఏషియా’ (1925)లో బుద్ధుడి భార్య గోప, ‘షిరాజ్’ (1928)లో దాలియా, మూడోది ఇది. యూరప్ జనం కూడా చూసిన మొహం అది. అలాంటి మనిషిని భాష ఒక్కటే ఇంటికి పంపించిందంటారా?

హార్మోనియంపెట్టె:
ఇందులో చర్చ ఏముంది అన్నా. సులోచనని చూడు. అసలు పేరు రూబీ మైయర్స్, మూకీల్లో ఆవిడ్ని మించిన స్టార్ లేదు. అంతటావిడ కూడా టాకీలు రాగానే కొన్నాళ్లు ఆగి హిందుస్తానీ నేర్చుకుని మళ్లీ రావాల్సి వచ్చింది. ఇంపీరియల్ అనే సినిమా కంపెనీ ఆవిడ పాత మూకీ హిట్లనే టాకీలుగా తీసింది, ‘ఇందిరా ఎం.ఏ.’ (1934) అలా వచ్చిందే. అయినా ఆ పాత వైభవం తిరిగి రాలేదు. సులోచనకే దిక్కులేకపోతే సీతాదేవి ఎంత?

పాతరీలు:
సరే, అయితే ‘కర్మ’ సంగతేంటి? 1933, హిమాంశు రాయ్ సినిమా, హిందీతో పాటు ఇంగ్లీషులోనూ తీశాడు. ఇంగ్లీషు సీతాదేవికి సమస్యే కాదు కదా. మరి హీరోయిన్ ఎవరు? దేవికారాణి. ‘త్రో ఆఫ్ డైస్’కి తెర వెనక పనిచేసిన అమ్మాయి, 1929లో ఆయన్నే పెళ్లి చేసుకుంది. సీతాదేవి మూడు సినిమాలు ఎవరి చేయి పట్టుకుని నడిచిందో ఆ నిర్మాతకి ఇప్పుడు ఇంట్లోనే హీరోయిన్ ఉంది. దేవికారాణిని తప్పుపట్టట్లేదు, గొప్ప నటి. కానీ దీన్ని ‘హిందీ రాకపోవడం’ అని రాసేస్తే ఎలా?

ఇంకోటి చెప్పనా, ఫ్రాంజ్ ఆస్టెన్‌కి హిందీ రాదు. హిమాంశు రాయ్ స్టూడియో బాంబే టాకీస్‌లో ‘అఛూత్ కన్య’ (1936) తీసింది ఆయనే. భాష రాని డైరెక్టర్ని కుర్చీ వేసి కూర్చోబెట్టారు.

మిరపబజ్జీ:
భయ్యా, డైరెక్టర్ తెర మీద మాట్లాడడు 😂 హీరోయిన్ మాట్లాడాలి. ఈ పోలిక కుదరదు.

సందుచివరసోడా:
వేరే వాళ్లతో డబ్బింగ్ చెప్పించుకోవచ్చుగా? ఇప్పుడు మన హీరోయిన్లలో సగం మందికి తెలుగు రాదు, అయినా నడిచిపోవట్లా?

వీణతీగ:
సోడా గారూ, అప్పుడు ఆ సదుపాయం ఎక్కడిది. వేరేవాళ్ల గొంతుతో పాట పెట్టడమే 1935 దాకా మన దగ్గర మొదలు కాలేదు. తొలి టాకీల్లో నటించేవాళ్లే కెమెరా ముందు నిలబడి పాడేవాళ్లు, తబలా హార్మోనియం వాళ్లు ఫ్రేమ్‌లో పడకుండా పక్కన నక్కి వాయించేవాళ్లు. మన మొదటి టాకీ ‘ఆలం ఆరా’ (1931) అయితే స్టూడియో పక్కనే రైలు పట్టాలని ఎక్కువ భాగం రాత్రిళ్లు తీశారు. ఈ గోలలో శ్రుతి తప్పకుండా పాడాలి. కాబట్టి అసలు అడ్డం మాట కాదు, పాట అని నా అభిప్రాయం. 1932లో వచ్చిన ‘ఇంద్రసభ’లో డెబ్బై దాకా పాటలున్నాయి, అందులో పాడింది రంగస్థలం మీద ఆరితేరిన జహనారా కజ్జన్. మాట నేర్చుకోవడానికి ఏడాది చాలు. గాత్రం ఎక్కడి నుంచి తెస్తారు?

మన దగ్గరా అదే కథ. 1921లో రఘుపతి ప్రకాశ్ ‘భీష్మ ప్రతిజ్ఞ’ మూకీ తీసినప్పుడు గంగ వేషం వేసింది పెగ్గీ కాస్టెల్లో అనే ఆంగ్లో ఇండియన్. పదకొండేళ్ల తర్వాత తొలి తెలుగు టాకీ ‘భక్త ప్రహ్లాద’లో లీలావతి ఎవరు? సురభి కమలాబాయి. పద్యం పాడగలిగిన మనిషి కావలసి వచ్చింది.

హార్మోనియంపెట్టె:
మేడమ్, పాట కూడా భాషే కదండీ. ఉర్దూ గజల్ నోరు తిరగకుండా పాడతారా? మీరు నా వాదననే ఇంకాస్త గట్టిచేశారు. పాతరీలు అన్నా, హిమాంశు రాయ్ కాదంటే బొంబాయిలో స్టూడియోలే లేవా? హిందీ వచ్చుంటే ఎవరో ఒకరు పిలిచేవాళ్లు. పేషెన్స్ కూపర్ కూడా కలకత్తా ఆంగ్లో ఇండియనే, టాకీల్లో చేసింది.

పాతరీలు:
చూశారా, పేషెన్స్ కూపర్ చేసిందంటే ఆ వర్గం వాళ్లందరికీ తలుపులు మూసుకుపోలేదనేగా. ఆవిడ వెనక కలకత్తా సినిమా కంపెనీ మదన్ థియేటర్స్ ఉంది. సీతాదేవి కూడా మదన్‌లో బంకించంద్ర నవలల మూకీలు చేసింది, కానీ టాకీలొచ్చిన కొన్నేళ్లకే ఆ కంపెనీయే కూలిపోయింది. ఇటు హిమాంశు రాయ్ గూటికి దేవికారాణి, అటు మదన్ దివాళా. సులోచనని నిలబెట్టడానికి ఇంపీరియల్ ఉంది, ఈవిడకి ఎవరున్నారు? భాష అసలు అడ్డమే కాదని నేననట్లేదు, మొత్తం నేరం దాని మీదకు తోసేయడం కుదరదంటున్నా. ఎందుకంటే అలా రాస్తే కంపెనీలు, నిర్మాతలు అందరూ కడిగిన ముత్యాల్లా బయటపడతారు, తప్పంతా ఆ అమ్మాయి నాలుక మీదకి పోతుంది.

మిరపబజ్జీ:
‘సీతాదేవి’ పేరుతో అక్కాచెల్లెళ్లిద్దరూ మార్చి మార్చి నటించారని ఒక పుకారు ఉంది కదా, రెండో ఆవిడ పేరు పెర్సీ అంటారు. అదే నిజమైతే ఏ కెరీర్ గురించి కొట్టుకుంటున్నట్టు మనం? 🙃

వీణతీగ:
పుకారు పక్కన పెట్టి ‘షిరాజ్’ చూడండి, బ్రిటిష్ ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ వాళ్లు బాగుచేసి అనౌష్కా శంకర్ సంగీతంతో 2017లో ప్రదర్శించారు. అందులో కథానాయిక ఎణాక్షీ రామారావు, కానీ కుట్ర పన్ని షిరాజ్‌ని ఏనుగు కాలి కిందకి తోయించే దాలియా వేషం ఈవిడది. ఈర్ష్యంతా కళ్లలోనే నడిపింది. హార్మోనియంపెట్టె గారూ, అది చూశాక కూడా ‘సీతాదేవి ఎంత’ అంటారేమో చెప్పండి.

హార్మోనియంపెట్టె:
చూస్తా మేడమ్. బాగానే ఉంటుంది, కాదనను. కానీ కళ్లు పాడవుగా.