లేఅవుట్ రోడ్లు: మార్ట్‌గేజ్ ప్లాట్లను పని అవగానే వదలాలా, రెండు వానలు చూశాకా?

నల్లరేగడి:
ఆంధ్రప్రదేశ్ 2017 లేఅవుట్ నిబంధనల్లో రోడ్లు, 10 శాతం ఖాళీ స్థలం గిఫ్ట్ డీడ్‌గా స్థానిక సంస్థకు వెళ్తాయి. లేఅవుట్ వేసినవాడు పనులు చేస్తాడన్న హామీగా 15 శాతం ప్లాట్లు మార్ట్‌గేజ్‌లో (తాకట్టులో) ఉండి, పనులు పూర్తయ్యాక విడుదలవుతాయి. నేనైతే రెండు వానాకాలాలు ఆగమంటాను. గుంటూరు చుట్టూ నల్లరేగడే. మేలో వేసిన తారు రోడ్డు అద్దంలా ఉంటుంది. నేల నాని ఉబ్బి, మళ్లీ ఎండి కుంచించుకున్నాక అంచు వెంబడి పొడవాటి బీట పడుతుంది.

డంపీలెవెల్:
వానదేవుణ్ణి ఇన్‌స్పెక్టర్ని చేస్తే ఎలాగండీ? బీట పడ్డాక తప్పు ఎవరిదో తేలదు. రోడ్డును తారుతో కప్పేముందే చూడాలి: నల్లమట్టి తీసి గ్రావెల్ ఎంత మందం పోశారు, పొరకు 20 సెంటీమీటర్లు మించకుండా రోలర్‌తో తొక్కించారా, ల్యాబ్ పరీక్షలో తేలిన గరిష్ఠ సాంద్రతలో 97 శాతం వచ్చిందా. పైన తారు పడ్డాక ఇవేవీ కనబడవు. ఇక ఆ ప్లాట్లు రెండేళ్లు ఇరుక్కుంటే ఆ వడ్డీ చివరికి కొనేవాళ్ల నెత్తినే. ప్లాట్లు వదిలి, లేఅవుట్ వేసినవాడితో రోడ్ల విలువకు తగ్గ బ్యాంకు గ్యారంటీ పెట్టించుకుంటే సరి.

నల్లరేగడి:
గ్యారంటీ గడువు తీరేలోపు దాన్ని ఎవరు గుర్తుపెట్టుకుంటారండీ? ప్లాటైతే ఎటూ పోదు.

తూము:
ఇద్దరూ రోడ్డు దగ్గరే ఆగారు. అసలు గొడవ మురుగు పైపుది. 200 మిల్లీమీటర్ల పైపుకు సుమారు 250 మీటర్లకు ఒక మీటరు వాలు కావాలి, లేకపోతే మడ్డి పేరుకుంటుంది. 300 మీటర్ల వీధిలో అదే 1.2 మీటర్లు. మీటరు లోతున మొదలైన పైపు చివర 2.2 మీటర్లకు దిగుతుంది. ఆ చివర ఉన్న మేజర్ డ్రెయిన్ (పెద్ద మురుగు కాల్వ) అడుగుభాగం మీటరున్నరలోనే ఉంటే? నీళ్లు పోవు సరే, వానకి వెనక్కొస్తాయి. విజయవాడలో 2024 సెప్టెంబరు బుడమేరు వరద చూశాక కూడా లెవెల్ షీట్ (పైపు, కాల్వ ఎత్తులు కొలిచి రాసిన కాగితం) అడగకుండా లేఅవుట్ తీసుకోవడం మూర్ఖత్వం. దానికి వానలదాకా ఎందుకు, మ్యాన్‌హోల్ మూత తీసి రెండు చివర్లా పైపు లెవెల్ కొలిస్తే చాలు.

ఇంకోటి. తారు వేసేముందే ప్రతి రెండు ప్లాట్లకూ రోడ్డు అడ్డంగా ఖాళీ పైపు ఒకటి వదలాలి. లేకపోతే మొదటి ఇల్లు కట్టేవాడే కుళాయి కోసం రోడ్డు కోస్తాడు, పైన మట్టి పోసి వెళ్లిపోతాడు. మీరు రెండు వానలు ఆగినా, గ్యారంటీ రాయించినా ఆ గుంతకి జవాబుదారీ ఎవరు?

నల్లరేగడి:
లెవెల్ షీట్ మాట ఒప్పుకున్నాను. ప్లాట్లు మాత్రం ఒక్క వానైనా చూడందే వదలనివ్వను.