అప్‌డేట్: నాన్నగారు ఉద్యోగంలో ఉండగా రాసిన పుస్తకాల హక్కులు ఎవరివి?

వ్యవసాయ శాఖలో పనిచేస్తూ మా నాన్నగారు రాసిన రెండు పుస్తకాలను మళ్లీ అచ్చు వేయించవచ్చా, హక్కులు ప్రభుత్వానివా అని అడిగాను కదా. లాయరు గారికి చూపించాను. ఆయన ముందు లోపలి పేజీలే తిరగేశారు.

కథల సంపుటిలో 'ప్రతులకు: రచయిత' అని మా పాత ఇంటి అడ్రసు ఉంది. అవి డ్యూటీలో భాగంగా రాసినవి కావు, సర్కారు రాయించినవీ కావు. కాబట్టి హక్కు నాన్నగారిదే, ఇప్పుడు మాది. ఆయన 1994లో పోయారు; 1957 నాటి కాపీరైట్ చట్టం ప్రకారం 2054 చివరిదాకా ఉంటుంది. అప్పట్లో శాఖ అనుమతి తీసుకున్నారో లేదో అని నాకు ఒకటే టెన్షన్. అది సర్వీసు రూల్సు సంగతట. అనుమతి లేనంత మాత్రాన హక్కు ప్రభుత్వానికి పోదు.

వరి సాగు కరదీపిక కథ వేరు. శాఖే రాయించి, శాఖే అచ్చు వేసింది. వేరే ఒప్పందం లేకపోతే సెక్షన్ 17 ప్రకారం తొలి హక్కుదారు ప్రభుత్వమే, అట్ట మీద నాన్నగారి పేరు ఎంత పెద్దగా ఉన్నా సరే! 1968లో వచ్చింది కాబట్టి, ఆ మరుసటి ఏడాది నుంచి 60 ఏళ్లు లెక్కేస్తే 2028 డిసెంబరుతో గడువు తీరుతుంది. అప్పటిదాకా ఆగేది లేదంటోంది అమ్మ. శాఖకు అర్జీ రాస్తున్నాను. కథలు మాత్రం డీటీపీకి ఇచ్చేశాం.