కొచ్చి యూదుల వీధి గైడెడ్ వాక్: ఒక్క సందు చూపించి మొత్తం కథ అనొచ్చా?

గోదావరి_గట్టు:

శబరిమల నుంచి తిరిగొస్తూ మనవాళ్ళు కొచ్చిలో ఒక రోజు ఆగడం మామూలే. ఈమధ్య ట్రావెల్స్ వాళ్ళ ప్రోగ్రాంలో ‘యూదుల వీధి గైడెడ్ వాక్’ కూడా కనిపిస్తోంది. నేనూ అందులో తిరిగొచ్చాను. నా అభ్యంతరం సూటిగా చెబుతాను. ఆ నడక చెప్పేది కొచ్చి యూదుల్లో ఒక చిన్న వర్గం కథ. దాన్నే మొత్తం కథ అని నమ్మిస్తున్నారు.

మట్టాంచేరి ప్యాలెస్ దగ్గర మొదలుపెడతారు. గడియారం గోపురం, 1568లో కట్టిన పరదేశి సినగాగ్ (యూదుల ప్రార్థనామందిరం), లోపల నేలంతా చైనా నుంచి తెచ్చిన నీలం-తెలుపు పలకలు, పైన బెల్జియం షాండ్లియర్లు. బయటికి రాగానే పాత సామాన్ల షాపులు, సుగంధద్రవ్యాల షాపులు. అక్కడితో సరి. చూసినవి అందమైనవే, కాదనను.

చెప్పనిది ఏమిటంటే, 20వ శతాబ్దంలో కేరళ యూదులకు ఎనిమిది సినగాగులు ఉండేవి. అందులో పరదేశి ఒక్కటే తర్వాత వలస వచ్చినవాళ్ళది. మిగతా ఏడూ మలబారీ యూదులవి: మట్టాంచేరిలో కడవుంభాగం, తెక్కుంభాగం, ఎర్నాకుళంలో అవే పేర్లతో మరో రెండు, ఇంకా పరవూరు, చేందమంగళం, మాళ. ముందు నుంచీ ఉన్నది వాళ్ళు, సంఖ్యలో ఎక్కువ వాళ్ళు. పరదేశీలు మాత్రం వాళ్ళతో పెళ్ళిళ్ళు కలుపుకోలేదు, ప్రార్థనకు కావలసిన పదిమంది పురుషుల లెక్కలో వాళ్ళను చేర్చుకోలేదు.

పరదేశి సినగాగ్ లోపల కూడా తేడాలుండేవి. విడుదలైన బానిసల సంతతి అని చెప్పి కొన్ని కుటుంబాలను బెంచీల మీద కూర్చోనిచ్చేవాళ్ళు కాదు. వాళ్ళు వెనక నేలమీద కూర్చోవాలి. యూదుల పవిత్ర గ్రంథం తోరా చదవడానికి పిలుపు ఉండదు. ఆ కుటుంబాల్లోంచి వచ్చిన లాయరు ఎ.బి. సేలం (1882–1967) మద్రాసులో చదువుకున్నారు, గాంధీని అనుసరించారు, కొచ్చిన్ శాసనమండలిలో కూర్చున్నారు. తన సొంత ప్రార్థనామందిరంలో సమానత్వం కోసం సత్యాగ్రహం చేశారు. ఆయన్ని ‘యూదు గాంధీ’ అనేవారు. మా గైడు నోట ఆయన పేరు ఒక్కసారి కూడా రాలేదు.

పలకలు ఏ దేశం నుంచి వచ్చాయో చెప్పే గైడు, వాటి మీద ఎవరు ఎక్కడ కూర్చోవాలో కూడా చెప్పాలని నేనంటాను. మీరేమంటారు?

బెజవాడ_బస్సు:

నేను ఏటా బృందాలను తీసుకెళ్ళేవాడినండి. మీ ఆవేదన అర్థమవుతుంది, కానీ ఒప్పుకోలేను. మా బస్సులో మోకాళ్ళ నొప్పులవాళ్ళుంటారు, చంటిపిల్లలుంటారు. కొచ్చికి మేమిచ్చేది ఒక్క పూట. అందులో ఏడు సినగాగులు ఎక్కడ ఇమడతాయి? పరవూరు, చేందమంగళం అంటే ఎర్నాకుళం నుంచి ఎంత లేదన్నా గంట పైమాటే.

ఇంకో మాట. మన ఊళ్ళ నుంచి వచ్చేవాళ్ళలో చాలామందికి మన దేశంలో యూదులు వందల ఏళ్ళు బతికారన్న సంగతే కొత్త. ఒక రాజు తన ప్యాలెస్ పక్కన, తన గుడి గోడకు ఆనుకుని వాళ్ళకు స్థలం ఇచ్చాడని విని వాళ్ళ మొహాలు వెలిగిపోతాయి. ఒక జాతిని ఇంత గౌరవంగా చూసుకున్న చోటు చూపిస్తూ, మొదటి పరిచయంలోనే వాళ్ళలో వాళ్ళకున్న తగాదాలు చెప్పడం మర్యాద కాదని నా అభిప్రాయం. ఆసక్తి పుట్టినవాళ్ళు ఇంటికెళ్ళి చదువుకుంటారు.

మల్లెతీగ:

బస్సు గారూ, ఇంటికెళ్ళి చదువుకుంటారన్నది జరిగే పని కాదండి. గైడు చెప్పిందే చరిత్రగా మిగిలిపోతుంది. దాన్ని తగాదా అనడం కూడా సరికాదు. ఒకరు నేలమీద, ఒకరు బెంచీ మీద కూర్చుంటే అది ఇద్దరి మధ్య గొడవ కాదు, ఒకరికి జరిగిన అన్యాయం. మన ఊళ్ళలో అది తెలియనివాళ్ళు లేరు కాబట్టి, మన బృందాలకు ఈ కథ వేరేవాళ్ళకంటే తొందరగా అర్థమవుతుంది. దాచడం దేనికి?

నా బాధ ఇంకొకటి. ఈ నడకలు చాలా ఏళ్ళు ‘చివరి యూదులను చూడండి’ అన్న ధోరణిలో నడిచాయి. సారా కోహెన్ గారు అదే వీధిలో ఇంట్లోనే ఎంబ్రాయిడరీ షాపు నడుపుకుంటూ 2019లో 96వ ఏట పోయారు. క్వీనీ హలేగ్వా గారు 2024లో 89వ ఏట పోయారు. వాళ్ళు బతికి ఉండగా కిటికీల్లోంచి ఫోటోలు తీయడానికి ఎగబడినవాళ్ళున్నారు. పెద్దావిడ తన గడపలో కూర్చుంటే అది చూసిపోయే వస్తువా? నడక ఎక్కడిదాకా వెళ్ళాలన్నది తేల్చే ముందు, మనుషుల దగ్గర ఎక్కడ ఆగాలో తేల్చండి.

క్రాకోవ్_తెలుగు:

నేను పోలండ్‌లో ఉంటాను. క్రాకోవ్‌లో కాజిమియెష్ అనే పాత యూదుల పేటలో ఇలాంటి నడకలు రోజూ జరుగుతాయి. అక్కడా ఇదే చర్చ ఉంది. చుట్టుపక్కలంతా కాఫీ షాపులు, యూదు సంగీతం వినిపించే హోటళ్ళు. కానీ మంచి గైడు పేట అందం దగ్గర ఆగడు. విస్తులా నది దాటించి పొద్‌గూజే తీసుకెళ్తాడు. 1941 మార్చిలో నాజీలు యూదులను కుక్కిన ఘెటో అక్కడే. చౌకులో పెద్ద పెద్ద ఖాళీ లోహపు కుర్చీలు స్మారకంగా పెట్టారు. ఆ ఘెటో లోపల మందుల షాపు నడిపిన తదేవుష్ పాంకెవిచ్ షాపు ఇప్పుడు మ్యూజియం. నది దాటడానికి టైం పడుతుంది, కాళ్ళు నొప్పెడతాయి, అయినా దాటిస్తారు. దాటకపోతే సగం కథ అని అక్కడి గైడ్లకు తెలుసు.

ఒక తేడా మాత్రం మరవకూడదు. క్రాకోవ్ యూదులను చంపేశారు. కొచ్చి యూదులు 1948 తర్వాత, ఎక్కువగా 1950లలో, తమంతట తాముగా ఇజ్రాయెల్ వెళ్ళారు. వాళ్ళను హింసించినది పోర్చుగీసువాళ్ళు. 1662లో సినగాగ్‌ను ధ్వంసం చేసిందీ వాళ్ళే. మరుసటేడు డచ్చివాళ్ళు కొచ్చిని పట్టుకున్నాకే యూదులు ఊపిరి పీల్చుకున్నారు. అంచేత కొచ్చి నడకలో ‘అంతరించిపోయిన జాతి’ అన్న ఏడుపు గొంతు నాకు నచ్చదు. వాళ్ళ పిల్లలు, మనవలు ఇజ్రాయెల్‌లో వేలల్లో ఉన్నారు. నెగెవ్ ఎడారిలోని నెవాటిమ్ గ్రామంలో కొచ్చి సినగాగ్, మ్యూజియం ఉన్నాయి. వాళ్ళ ఆడవాళ్ళు నోటుపుస్తకాల్లో రాసి దాచుకున్న యూదు మలయాళ పాటలు ఇప్పటికీ పాడేవాళ్ళున్నారు. ఆ సంగతి కూడా గైడు చెప్పాలి.

కొచ్చి_గైడు:

నేను ఇక్కడే స్థిరపడిన తెలుగువాడిని, తెలుగు, హిందీ బృందాలను తిప్పుతుంటాను. మావైపు నుంచి ఉన్నది ఉన్నట్టు చెబుతాను.

షాపుల్లో మాకు కమీషన్ ఉంటుంది. నడక ఫీజు తక్కువ కాబట్టి అదే మా బతుకు. ఆ షాపుల్లో చాలావరకు కశ్మీరీ వ్యాపారులవి, వాళ్ళకూ ఈ వీధే ఆధారం. గైడు షాపు దగ్గర ఆపాడని తిట్టేవాళ్ళు, ఫీజు పెంచితే ఎవరూ రారు.

శుక్రవారం మధ్యాహ్నం నుంచి శనివారం అంతా, యూదుల పండగలకూ సినగాగ్ మూసి ఉంటుంది. మనవాళ్ళు శనివారమే వస్తారు. అప్పుడు బయటి నుంచి గోపురం చూపించి పంపుతున్నాం. గోపురం గురించి నేను తప్పక చెప్పేది ఒకటుంది: దాని గడియారం ముఖాల మీద అంకెలు హీబ్రూలో, రోమన్‌లో, మలయాళంలో ఉంటాయి. యూదులు, వర్తకులు, రాజు ఎవరివైపు వాళ్ళ అంకెలు.

సేలం గారి గురించి నేను చెబుతాను. కొందరు చెప్పరు. చెప్పమని ఎవరూ అడగరు కాబట్టి చెప్పరు. బృందం నాయకుడు ముందే అడిగితే ఏ గైడయినా చదువుకుని వస్తాడు. కనుక తప్పంతా గైడ్ల మీద వేయకండి, అన్నా.

తెనాలి_పాఠకుడు:

చిన్న మాట. మన తెలుగు నేల మీదే, గుంటూరు వైపు చేబ్రోలు దగ్గర కొత్తరెడ్డిపాలెంలో, తెలుగు మాట్లాడే బెనె ఎఫ్రయీమ్ సమాజం యూదు మతం పాటిస్తోంది. వాళ్ళలో ఎక్కువమంది మాదిగ కుటుంబాలవాళ్ళు. తాము ఇజ్రాయెల్ పాత గోత్రాల్లో ఒకటైన ఎఫ్రయీమ్ సంతతి అని వాళ్ళ నమ్మకం. ఎవరు అసలు యూదులు, ఎవరు కారు అనే ప్రశ్న వాళ్ళనూ వెంటాడుతోంది. మట్టాంచేరిలో వందల ఏళ్ళు నడిచిన వాదం అదే కదా. అందుకే ఆ వాదాన్ని గైడు దాటవేయకూడదన్న గోదావరి గారి పక్షం నాది. అయితే రేపు ఎవరో కొత్తరెడ్డిపాలేనికి కూడా నడక పెడితే నేను అడ్డం చెబుతాను. అక్కడ మనుషులు బతుకుతున్నారు. పిలిస్తే వెళ్ళాలి, టికెట్టు కొని కాదు.

గోదావరి_గట్టు:

బస్సు గారూ, మీరు రాజుగారి దానం గురించి చెప్పారు, బాగుంది. దానికంటే పెద్ద కథ అదే సినగాగ్‌లో దాచి ఉంది. క్రీ.శ. 1000 ప్రాంతంలో చేర రాజు భాస్కర రవివర్మ జోసెఫ్ రబ్బాన్ అనే యూదు నాయకుడికి రాగి శాసనం ఇచ్చాడు. పల్లకి, గొడుగు, పన్ను మినహాయింపులు, మొత్తం 72 హక్కులు. పరదేశి సినగాగ్ కట్టడానికి ఐదు వందల ఏళ్ళ పైచిలుకు ముందు మాట అది. అప్పటికి పరదేశీలు కేరళలో అడుగే పెట్టలేదు. మరి ఆ శాసనం ఎవరి పూర్వీకులది? మలబారీలు మాదే అంటారు. ఉన్నది మాత్రం పరదేశి సినగాగ్‌లో. ఆ ఒక్క వస్తువు దగ్గర ఐదు నిమిషాలు ఆగితే కథంతా చెప్పొచ్చు, బస్సు కూడా ఎక్కనక్కర్లేదు.

అదే వీధికి దక్షిణాన మట్టాంచేరి కడవుంభాగం సినగాగ్ ఉంది. చెక్కడాలున్న దాని లోపలి భాగం మొత్తాన్ని 1991లో జెరూసలేం తీసుకెళ్ళి ఇజ్రాయెల్ మ్యూజియంలో మళ్ళీ నిలబెట్టారు. ఇక్కడ మిగిలిన భవనం ఆలనాపాలనా లేక 2019 వానల్లో కొంత కూలింది. ఒక చివర టికెట్టు, క్యూ. ఇంకో చివర కూలిన గోడ. మోకాళ్ళ నొప్పులవాళ్ళు కూడా నడవగల దూరమే అది. అక్కడికి తీసుకెళ్ళకపోవడానికి టైం కారణం కాదు.

క్రాకోవ్_తెలుగు:

జెరూసలేంకు తరలించడం మంచిదే అంటాను. లేకపోతే ఆ చెక్కపని కూడా వానలో పోయేది.

మల్లెతీగ:

చెక్కపని దక్కింది, నిజమే. వీధికి మాత్రం ఏమీ మిగల్లేదు. ఎర్నాకుళం మార్కెట్ రోడ్డులోని కడవుంభాగం చూడండి. ప్రార్థనలు ఆగిపోయాక అక్కడి యూదు సంరక్షకుడే ముందుభాగంలో మొక్కలు, అక్వేరియం చేపలు అమ్ముకుంటూ దాన్ని కాపాడుకొచ్చారు. చేపల తొట్లు దాటి లోపలికెళ్తే సినగాగ్. ఎక్కడికీ తరలించకుండా, ఒక మనిషి పట్టుదలతో నిలిచింది. నన్నడిగితే నడక మొదలవ్వాల్సింది అక్కడ. కేరళ సినగాగుల ప్రత్యేకత కూడా అక్కడే చూపొచ్చు: తోరా చదివే వేదిక మామూలుగా ఉండేలా హాలు మధ్యలో ఒకటి, పైన ఆడవాళ్ళ గ్యాలరీకి ముందు రెండోది. ప్రపంచంలో వేరే చోట ఈ పద్ధతి కనపడదు.

కొచ్చి_గైడు:

అమ్మా, మీరన్నట్టు చేయాలంటే పొద్దున ఎర్నాకుళంలో మొదలుపెట్టి, మార్కెట్ రోడ్డు చూసుకుని, బోటులో ఇవతలికి వచ్చి, శాసనం, సేలం గారి కథ, చివర కూలిన కడవుంభాగం. నాలుగు గంటలు. ఆదివారం అయితే కుదురుతుంది. షాపుల దగ్గర ఆగను, కాని ఫీజు రెట్టింపు అవుతుంది. ఒప్పుకునే బృందం ఉంటే నాకు సంతోషమే.

బెజవాడ_బస్సు:

శాసనం దగ్గర ఆగుదాం, ఒప్పుకుంటున్నాను. సేలం గారి గురించి చెప్పమని మా గైడుకు ఈసారి నేనే అడుగుతాను. కూలిన సినగాగ్ దాకా కూడా నడిపిస్తాను, అది పక్కనే ఉందంటున్నారు కాబట్టి. ఎర్నాకుళం, బోటు మాత్రం పెద్దవాళ్ళున్న బస్సుకు కుదరదు. ఆ మాట మీద నేను మారను. ఓపిక ఉన్నవాళ్ళు వేరేగా వెళ్ళండి, గైడు గారు ఇక్కడే ఉన్నారు.

గోదావరి_గట్టు:

మీ బస్సుకు అది చాలు. నేను అడిగిందీ అదే. కాని ప్రోగ్రాం కాగితం మీద ‘కొచ్చి యూదుల వారసత్వం’ అని వేయకండి, ‘మట్టాంచేరి యూదుల వీధి’ అని వేయండి. ఎర్నాకుళం, పరవూరు, చేందమంగళం, మాళ చూడలేదన్న సంగతి ఎక్కేవాళ్ళకు ముందే తెలియాలి. గైడు గారూ, ఆదివారం నడకకు మా బృందం సిద్ధం, రెట్టింపు ఫీజు ఇస్తాం.