గ్యాస్ గ్రిల్ మీద చికెన్‌కి కట్టెల పొగ వాసన పట్టట్లేదు

మాది మూడు బర్నర్ల ప్రొపేన్ గ్రిల్. మొదటిసారి హికరీ (పొగ వాసన కోసం వాడే ఒక రకం కట్టె) చెక్కముక్కలు అరగంట నానబెట్టి, ఫాయిల్‌లో పొట్లం కట్టి, నాలుగు చిల్లులు పొడిచి జాలీ మీద పెట్టాను. 20 నిమిషాలైనా పొగ లేదు, వట్టి ఆవిరే. రెండోసారి పొడి ముక్కలు జాలీ కింద, నేరుగా బర్నర్ మీద పెడితే 5 నిమిషాల్లో భగ్గుమన్నాయి. చికెన్ అంతా మసి, చేదు. నిన్న ఒక్క బర్నరే వెలిగించి, లెగ్ పీసులు అవతలి పక్కన పెట్టి మూత వేశాను. మీటర్ 325 ఫారన్‌హీట్ చూపించింది. పొగ పది నిమిషాలు వచ్చి ఆగిపోయింది. పొట్లం విప్పితే సగం ముక్కలు నల్లబడనే లేదు! (లిక్విడ్ స్మోక్, అంటే సీసాలో దొరికే పొగ వాసన ద్రవం, చెప్పొద్దు, నాకది మందుల వాసన.) చికెన్ కాలే 45 నిమిషాలూ సన్నగా పొగ రావాలంటే పొట్లం ఎక్కడ, ఎంత మంట మీద పెట్టాలి?