యార్క్ బండి నాటకాలు వీధిలోకి వచ్చిన ప్రసంగాలేనా?

పాతరాతలు

కొన్నాళ్లుగా ఒక ప్రశ్న తెగడం లేదు, అందరి అభిప్రాయమూ కావాలి. మధ్యయుగాల ఇంగ్లండులో కొన్ని పట్టణాలు సృష్టి మొదలు అంతిమ తీర్పు దాకా బైబిలు కథను వరసగా నాటకాలుగా ఆడేవి. యార్క్‌లో వీటి ప్రస్తావన 1376 నుంచి దొరుకుతుంది. ఒక్కో వృత్తి సంఘానికి ఒక్కో ఘట్టం, దానికొక చక్రాల బండి. ఇవి చర్చిలో వినే ప్రసంగానికే మరో రూపమా, లేక వేరే సంగతా?

నా మటుకు ప్రసంగమే. నాటకాల్లోని నీతి, ఎగతాళి, మామూలు మనుషుల బతుకు చిత్రాలు చాలావరకు ప్రసంగాల నుంచే వచ్చాయని 1933లోనే ఔస్ట్ అనే పరిశోధకుడు వాదించాడు. కాలక్రమం చూసినా అలాగే ఉంది. ప్రతి క్రైస్తవుడూ ఏడాదికి ఒక్కసారైనా పాపసంకీర్తనం (గురువు, అంటే చర్చి పూజారి, ముందు పాపాలు ఒప్పుకోవడం) చేయాలని 1215లో రోములో చర్చి పెద్దలు కూడిన లాటరన్ మహాసభ నిర్ణయించింది. పాపమంటే ఏమిటో తెలియనివాడు ఏం ఒప్పుకుంటాడు? అందుకే 1281లో ఆర్చిబిషప్ పెకమ్, గురువులు ఏడాదికి నాలుగుసార్లు జనం భాషలో విశ్వాస అంశాలు, పది ఆజ్ఞలు, ఏడు ఘోరపాపాలు, కరుణ కార్యాలు వివరించాలని ఆదేశించాడు. ఇప్పుడు యార్క్ వరసలో ఆఖరిదైన అంతిమ తీర్పు నాటకం చూడండి. ఆకలిగా ఉంటే అన్నం పెట్టారా, బట్ట లేకపోతే ఇచ్చారా అని క్రీస్తు లెక్క అడుగుతాడు. అది పెకమ్ చెప్పమన్న కరుణ కార్యాల పాఠమే కదా!

1526లో అచ్చయిన ఒక హాస్యకథల పుస్తకంలో వార్విక్‌షైర్ గురువొకరు విశ్వాస సూత్రంలోని పన్నెండు అంశాలూ చెప్పి, నా మాట నమ్మకపోతే కవెంట్రీ వెళ్లండి, కార్పస్ క్రిస్టీ (క్రీస్తు శరీర పండుగ) నాటకంలో అన్నీ ఆడి చూపిస్తారు అంటాడు. హాస్యమే కావచ్చు. కానీ ఆ సంబంధం అందరికీ తెలిసినదైతేనే కదా నవ్వు వచ్చేది.

లీడ్స్‌తెలుగు

పాతరాతలు గారూ, మీ కాలక్రమంలో ఒకటి వదిలేశారు. 970 ప్రాంతంలో వించెస్టర్ బిషప్ ఏథెల్వోల్డ్ రాసిన మఠ నియమావళిలోనే ఈస్టర్ తెల్లవారుజాము ఘట్టం ఉంది. ఒక సన్యాసి చేతిలో మట్ట పట్టుకుని, దేవదూతలా క్రీస్తు సమాధి పక్కన కూర్చుంటాడు. సమాధికి వచ్చిన స్త్రీలుగా ముగ్గురు ధూపపాత్రలతో, ఏదో వెతుకుతున్నట్టు అడుగులో అడుగు వేసుకుంటూ వస్తారు. "ఎవరిని వెతుకుతున్నారు?" అని అతను పాడతాడు. అంతా లాటిన్‌లో, సన్యాసులు చేసే ఆరాధనలో భాగంగా. అక్కడ ప్రసంగమూ లేదు, జనానికి పాఠమూ లేదు. నాటకానికి ప్రసంగం ఒక్కటే తల్లి అనడం తప్పు.

ఇంకొకటి నేను కళ్లారా చూసింది. కొన్నేళ్ల క్రితం యార్క్‌లో మళ్లీ బండ్ల మీద నాటకాలు వేస్తే వెళ్లాను. సిలువ వేసే ఘట్టం. పాత రోజుల్లో దీన్ని ఆడింది సూదులు, చిన్న మేకులు చేసే సంఘంవాళ్లు. నలుగురు సైనికులు క్రీస్తును బల్ల మీద పడుకోబెడతారు. వీధిలో నిలబడ్డ మాకు ఆయన కనిపించడు, వంగి పనిచేసే నలుగురి వీపులే కనిపిస్తాయి. మేకు కోసం వేసిన కన్నం అడుగు పైనే దూరమైపోయింది. తప్పు నీదంటే నీదని తగువు. తాడు కట్టి చేతిని లాగుతారు. సిలువ ఎత్తబోతే భుజం పోయిందని ఒకడి గోల. గుంటలో దించాక అది ఊగుతుంటే చీలలు కొడతారు.

సిగ్గుపడుతూ చెబుతున్నా, ఆ పది నిమిషాలు నాకు ఒకటే టెన్షన్: ఆ చెయ్యి కన్నానికి అందుతుందా లేదా అని. పని పూర్తవ్వాలనే కోరుకున్నాను. అప్పుడు సిలువ పైకి లేచింది, ఆయన ముఖం కనిపించింది, మా వైపు చూసి మాట్లాడాడు. మూడు వందల పంక్తుల నాటకంలో ఆయన నోరు విప్పేది రెండేసార్లు, ఇది రెండోది. దారిన పోయేవాళ్లారా, నా తల, చేతులు, పాదాలు చూడండి, ఇంతటి బాధ ఎక్కడైనా ఉందా అంటాడు. మీ పాపాలే ఆయన్ని సిలువ వేశాయని ప్రసంగం చెబుతుంది, మనం తలూపుతాం. ఇక్కడ నేను తలూపలేదు, మేకు దిగాలని ఎదురుచూశాను. ఈ పని ఏ ప్రసంగమూ చేయలేదు.

శుభవార్త

నేను పాస్టరు గారి బిడ్డను. క్రిస్మస్ రాత్రి మా చర్చిలో పిల్లల నాటిక ఉండేది. మా బాబాయి హేరోదు రాజు వేషంలో రాగానే ఈలలే ఈలలు. నాన్నగారు నాటికను సగంలో ఆపించి వాక్యం చెప్పేవారు, లేకపోతే జనం నాటిక అవగానే లేచి వెళ్లిపోతారని ఆయన భయం. అందుకే ఈ చర్చ నాకు దగ్గరగా తగిలింది.

ఆ భయం చాలా పాతది. పద్నాలుగో శతాబ్దం చివర్లోనో, పదిహేను మొదట్లోనో ఇంగ్లండులో ఒకరు ఈ నాటకాలను ఖండిస్తూ ఒక వ్యాసం రాశారు. లోల్లార్డులనే సంస్కరణవాదుల ఆలోచనలకు దగ్గరివారు. నాటకాలను మెచ్చేవాళ్ల వాదనలన్నీ ముందు చెప్పి, ఒక్కోదాన్నీ కొట్టేస్తారు. బొమ్మ చచ్చిన పుస్తకం, నాటకం బతికున్న పుస్తకం అని మెచ్చేవాళ్ల మాట. చూసి జనం ఏడుస్తున్నారుగా అని కూడా అంటారు. దానికి ఆయన జవాబు: వాళ్లు ఏడ్చేది తమ పాపాల కోసం కాదు, ఆ ఆట చూసి.

లీడ్స్‌తెలుగు గారూ, మీరు ఎదురుచూసిన ఆ పది నిమిషాలను ఆయన ఏమనేవారంటారు?

పాతరాతలు

వించెస్టర్ సంగతి ఒప్పుకుంటున్నాను. కానీ ప్రసంగాన్నీ నాటకాన్నీ ఇంత దూరంగా నిలబెట్టడం నాకు నచ్చలేదు. 1223 క్రిస్మస్‌కు గ్రెచ్చోలో అస్సీసీ ఫ్రాన్సిస్ పశువుల తొట్టి, గడ్డి, ఎద్దు, గాడిద తెప్పించి, అక్కడే సువార్త పాడి ప్రసంగించాడు. బెత్లెహేము అనే మాటను గొర్రెపిల్ల అరిచినట్టు పలికాడట. అందులో ఏది నాటకం, ఏది ప్రసంగం? 1448లో పెరూజియాలో రాబర్టో అనే ఫ్రాన్సిస్కన్ (ఆ ఫ్రాన్సిస్ సంఘపు సన్యాసి) చౌకులో ప్రసంగిస్తుంటే, ముళ్ల కిరీటంతో, భుజాన సిలువతో క్రీస్తు వేషంలో ఒక మంగలి వచ్చాడు. జనం గొల్లుమన్నారు. అక్కడ ప్రసంగమే నాటకాన్ని పిలిచింది.

యార్క్‌లోనే చూడండి. 1426లో విలియం మెల్టన్ అనే ఫ్రాన్సిస్కన్ ప్రసంగీకుడు ఈ నాటకం మంచిదే, మెచ్చదగినదే అన్నాడు. తినడం, తాగడం, కేకల్లో పడి జనం పండుగ ఆరాధన పోగొట్టుకుంటున్నారని మాత్రమే ఆయన బాధ. కార్పస్ క్రిస్టీ ఊరేగింపు రోజు కాకుండా నాటకాన్ని వేరే రోజు పెట్టుకోమన్నాడు.

లీడ్స్‌తెలుగు

ఇటలీ విషయంలో మీ మాట నిజం, అక్కడ ఆ రెండింటినీ విడదీయలేను. అయితే మెల్టన్ కథ అక్కడితో అయిపోలేదు. కాలం గడిచేసరికి నాటకం పండుగ రోజునే నిలిచింది, ఊరేగింపే మరునాటికి మారింది! బండ్లు సంఘాలవి, ఖర్చు సంఘాలది, ఏర్పాట్లు నగర పాలకులవి. వేషగాళ్లు తెల్లవారుజామున నాలుగున్నరకు సిద్ధంగా ఉండాలని 1415 నాటి ప్రకటనలో ఉంది, అది నగరం పెట్టిన హుకుం. పాఠం చర్చి నేర్పినదే, కాదనను. దాన్ని ఏ రోజు, ఎవరు, ఎంత ఆర్భాటంగా చెప్పాలన్నది మాత్రం చర్చి చేతిలోంచి జారిపోయింది.

1460ల చివర్లో వచ్చిన "మాన్‌కైండ్" అనే నీతి నాటకం ఇంకా తమాషా. కరుణ అనే పాత్ర గంభీరంగా ప్రసంగం మొదలుపెడుతుంది, గోధుమనూ పొట్టునూ వేరుచేసే తీర్పు గురించి. మధ్యలో మిస్చీఫ్ అనే ఆకతాయి దూరి, ధాన్యం, పొట్టు, గడ్డి లాంటి ఇంగ్లీషు మాటలకు లాటిన్ తోకలు తగిలించి వెక్కిరిస్తాడు. ప్రసంగం వినీ వినీ అలవాటైన చెవులకే ఆ వెక్కిరింత ఎక్కుతుంది. అందుకే ప్రసంగం లేకుండా ఈ నాటకాలు లేవని నేనూ ఒప్పుకుంటాను. బిడ్డ అనండి, ఫరవాలేదు. తల్లి మాట వినే బిడ్డ మాత్రం కాదు.

శుభవార్త గారూ, ఆ వ్యాసకర్త నన్ను తిట్టేవాడే. కానీ ఆ రోజు నేను ఏడవలేదండీ. ఇంటికొచ్చాక చాలాసేపు ఎవరితోనూ మాట్లాడబుద్ధి కాలేదు.

శుభవార్త

నాన్నగారికి ఈ చర్చంతా ఫోనులో చదివి వినిపించాను. ఆయన ఒకటే అడిగారు: నాటకం చూసినవాళ్లకు చివరికి ఏం గుర్తుండిపోయింది? నా దగ్గర జవాబు లేదు.

పాతరాతలు

నా వాదనకు వ్యతిరేకంగా పోయే సాక్ష్యమే అయినా, నాన్నగారికి ఇది చెప్పండి. 1644లో జాన్ షా అనే ప్యూరిటన్ (కఠిన ప్రొటెస్టంట్) ప్రసంగీకుడు ఉత్తర ఇంగ్లండులోని కార్ట్‌మెల్‌లో ఒక ముసలాయన్ని కలిశాడు. రక్షణ గురించి, సిలువ మీద రక్తం చిందించిన క్రీస్తు గురించి చెప్పాడు. అప్పటికి యార్క్, కవెంట్రీ నాటకాలు ఆగి అరవై ఏళ్లు దాటింది. ముసలాయన ఆలోచించి, అవునండీ, ఆ మనిషి గురించి ఒకసారి విన్నాను, కెండల్‌లో కార్పస్ క్రిస్టీ నాటకంలో, చెట్టు మీద ఒక మనిషి, కిందికి రక్తం కారుతూ ఉంది అన్నాడు. తాను చర్చి ఆరాధనకు తప్పకుండా వెళ్లేవాణ్ణేనని, కానీ ఆ నాటకంలో తప్ప ఈ మాట ఇంకెక్కడా విన్న గుర్తు లేదని కూడా చెప్పాడు.